పన్ను దొరికిన చోటు

నా చిన్నప్పుడు నన్ను ఒక్కచోట కూర్చోబెట్టడం మా ఇంట్లో ఎవరి తరమూ కాలేదు. అన్నం మధ్యలో లేచిపోయేదాన్ని, లెక్క సగంలో వదిలేసి వీధిలోకి పరిగెత్తేదాన్ని. జంషెడ్‌పూర్‌లో, బారిడీహ్‌లో మా క్వార్టరు. నాన్నగారిది ప్లాంటులో షిఫ్టు ఉద్యోగం. శ్రీకాకుళం వైపు నుంచి వచ్చిన కుటుంబాలు మా లైన్లో నాలుగైదు ఉండేవి. తొంభైల మొదట్లో సంగతి ఇది. నాకప్పుడు పదమూడేళ్లు.

ఆ ఏడు కాసిడీహ్‌లోని మా బడికి కొత్తగా ఒక సైన్సు సారు వచ్చారు. టెంపరరీ పోస్టు. ఈ ఏడు పర్మనెంటు అవుతుందో లేదో అన్న బెంగ ఆయన మొహంలోనే కనిపించేది. కానీ పాఠం మొదలుపెట్టారంటే మనిషి మారిపోయేవారు. మనిషి పుట్టుక పాఠం ఆయన మూడు రోజులు చెప్పారు. మన పూర్వీకులు ముందు రెండు కాళ్ల మీద నిలబడి నడిచారట, మెదడు పెరిగింది ఆ తర్వాత ఎన్నో లక్షల ఏళ్లకట. ఆ సంగతి రాళ్లలో దొరికిన ఎముకలే చెప్పాయట. అన్నిటికంటే గట్టిది పన్ను, ఒళ్లంతా మట్టయిపోయినా అది మిగులుతుందన్నారు. ఇంటికొచ్చి ఇదంతా గుక్క తిప్పుకోకుండా మా అమ్మకు చెప్పాను. ఆవిడ కూర కలుపుతూ, "మరైతే నిజమేనే. నీకూ కాళ్లొచ్చేసినాయి గానీ బుర్రింకా రానేదు," అంది.

మన సువర్ణరేఖ నది ఒడ్డున పాతకాలం మనుషుల రాతి పనిముట్లు దొరికాయనీ, ఎముక మాత్రం ఒక్కటీ దొరకలేదనీ కూడా సారు చెప్పారు. ఆ మాటతో నాకు నిద్రాహారాలు లేకుండా పోయాయి. ఎక్కడ గుంత కనబడితే అక్కడ దిగడమే పని. నాలుగు రోజుల తర్వాత, మా క్వార్టర్ల వెనక సందులో మురుగు గొట్టం కోసం తవ్విన గుంతలో, నడుం లోతున, నల్లటి రాతిపొరలో ఇరుక్కుని ఒక పన్ను కనబడింది. పెద్ద దవడపన్ను. పైన నాలుగు బొడిపెలు, కొంచెం అరిగి ఉంది. నా దవడపన్ను మీద నాలుక తిప్పి చూసుకున్నాను. అచ్చం అలాగే ఉంది. కింద పడి ఉన్న ఇనపకడ్డీతో కొట్టి, పన్నుతో సహా ఆ రాతిముక్కను ఊడదీసి గౌను జేబులో వేసుకున్నాను.

మర్నాడు దాన్ని చూసి సారు కుర్చీలోంచి లేచి నిలబడ్డారు. కిటికీ దగ్గరికి తీసుకెళ్లి తిప్పి తిప్పి చూశారు. "యే కహా మిలా, బేటా?" ఇదెక్కడ దొరికిందని చాలా మెల్లగా అడిగారు. క్లాసంతా నా వైపే చూస్తోంది. మురుగు గుంతలో దొరికిందని చెబితే నవ్వరూ? "నదీ కే కినారే, చట్టాన్ మే" అనేశాను. నది ఒడ్డున, బండలో అని. అబద్ధమాడాలని అనుకోలేదు. నోట్లోంచి వచ్చేసింది, అంతే.

ఆ శనివారమే బడిలో సైన్సు ప్రదర్శన. హాలు నడిమి బల్ల నాకిచ్చారు. నెల్లాళ్లు కష్టపడి గాలిమర చేసిన పిల్లను తలుపు పక్కకు జరిపారు. తనకు తెలిసిన కాలేజీ ప్రొఫెసరు గారికి, వచ్చి ఆ రాయిని చూడమని సారు ఉత్తరం రాశారు. మెత్తటి బ్రష్షుతో మట్టి దులిపి తెమ్మని రాయిని నాకే అప్పగించారు. దాంతో పాటు నది మ్యాపు ఒకటి చేతిలో పెట్టి, దొరికిన చోట చుక్క పెట్టుకు రమ్మన్నారు. ఆ చుక్క నా ప్రాణం తీసింది. ఒక వంపు దగ్గర పెట్టాను, చెరిపాను. ఇంకో వంపు దగ్గర పెట్టాను, చెరిపాను. గురువారం సాయంత్రానికి కాగితానికి చిల్లు పడింది గానీ చుక్క కుదరలేదు. అరుగు మీద కూర్చోవడం, లేవడం, గేటు దాకా పోవడం, రావడం. నా తిరుగుడు చూసి మా అమ్మే భయపడి నుదురు మీద చెయ్యి వేసి చూసింది.

మా పక్కింట్లో ఒక మామ్మ ఉండేది. ఇరవై ఏళ్లు కాంట్రాక్టు పనికి పోయిన మనిషి. ప్లాంటులో ఇనుము కరిగించాక మిగిలే చిట్టెం తెచ్చి పోసే స్లాగు డంపులో, చల్లారిన కుప్పల్లోంచి ఇనప ముక్కలు ఏరే పని. చదువు లేదు. ఆవిడతో మాట్లాడేదేముంటుందని నేను పెద్దగా లెక్కచేసేదాన్ని కాదు. ఆ సాయంత్రం అరుగు మీది రాయి చూసి ఆగింది.

"ఏటే అమ్మీ, మా డంపు స్లాగు నీకాడికెలాగొచ్చినాది?"

స్లాగు కాదు, లక్షల ఏళ్ల నాటి బండ అని సగం హిందీలో, సగం తెలుగులో గొప్పగా చెప్పాను. ఆవిడ నవ్వలేదు. రాయిని అరచేతిలో ఎగరేసి బరువు చూసింది, గోరుతో గీకింది. "ఈ సిల్లులు సూడు. ఇరవయ్యేళ్లు దీన్నే ఏరినాను, నాకు తెల్దేటి? మన క్వార్టర్లెనక పల్లం పూడ్సడానికి లారీల్తో తెచ్చి పోసినారు. వానలు పడి రాయయిపోనాది. ఎక్కడ తీసినావో సూపించు."

గుంత దగ్గరికి వెళ్లాక ఆవిడ ఇంకేమీ వాదించలేదు. ఇంట్లోంచి గునపం తెచ్చి నా చేతికిచ్చింది. "పన్ను దొరికిన కాడికి కిందన తవ్వు," అంది. అంతే. చేతులు బొబ్బలెక్కేలా తవ్వాను. జానెడు కింద పచ్చటి గోలీ ఒకటి బయటపడింది, గోలీసోడా సీసాలో ఉండేది. ఆవిడే ముందుగా పెట్టి ఉంటుందని అనుమానంగా చూశాను. "నానెట్టినాననుకుంతన్నావా? ఇంకా తవ్వు," అంది. ఇంకో దెబ్బకు సొట్టపడిన సత్తుగిన్నె అంచు వచ్చింది, రాయిలో బిగుసుకుని.

"కిందున్నదా ముందు పడతాది, మీదున్నదా?"

నాకు జవాబు తెలుసు. సారు చెప్పిన పాఠంలో ఉన్నదే. కిందిపొర ముందుది, పైపొర తర్వాతిది. లక్షల ఏళ్ల నాటి మనిషి గోలీసోడా తాగిన వాడి తర్వాత పుట్టాడన్నమాట. ఆ పన్ను పందిదని కూడా మామ్మ ఒక్క చూపులో తేల్చేసింది. బస్తీలో పందులకు కొదవా!

నాకు ఏడుపొచ్చింది. పంది పన్నయినందుకు కాదు, నది సంగతికి. గుంత గట్టున కూర్చుని, సారుకు చెప్పిన అబద్ధమంతా ఆవిడకు చెప్పేశాను. పోనీలే అంటుందనుకున్నాను. అనలేదు. గునపానికి అంటిన మట్టి తుడుస్తూ తన సంగతి ఒకటి చెప్పింది. డంపులో ఏ కుప్ప ఎప్పుడు పోసిందో ఏరేవాళ్లే ఒకరికొకరు చెప్పుకోవాలట. మీద చల్లారినట్టున్నా లోపల రోజుల తరబడి నిప్పుంటుందట. ఒకనాడు ఏరుడు తొందరగా అయిపోతే ఇంటికి పోవచ్చని, నిన్న పోసిన కుప్పను పోయిన వారందని చెప్పిందట మామ్మ. ఆ మాట నమ్మి ఇంకో ఆవిడ ఎక్కింది.

"మోకాలి దాకా దిగబడిపోనాదమ్మా. నా నోటి మాట మీదే ఆవిడ కాలెట్టినాది," అంది. కళ్లు తుడుచుకోలేదు. లేచి గునపం తీసుకుని ఇంట్లోకి వెళ్లిపోయింది.

శుక్రవారం బడి గేటు తీయకముందే సారు కోసం నిలబడ్డాను. గోలీ, గిన్నె అంచు, రాయి ఆయన చేతిలో పెట్టి, మురుగు గుంత అని చెప్పాను. తిడతారనుకున్నాను, కొడతారనీ అనుకున్నాను. ఆయన మొహం తెల్లబోయింది. ఉత్తరం వెళ్లిపోయిందని మాత్రం అన్నారు. హెడ్‌మాస్టరు గదిలోకి వెళ్లి ఐదు నిమిషాల్లో బయటికొచ్చి, ఎండలో సైకిలెక్కి కాలేజీకి వెళ్లారు, తప్పు జరిగిందని తానే చెప్పడానికి. ఆయన తిరిగి వచ్చే వరకూ నేను బెంచీ మీద ఉన్నానో గాలిలో ఉన్నానో నాకు తెలియదు. మధ్యాహ్నం చెమటతో తడిసిన చొక్కాతో వచ్చి, మిగిలిన పాఠం చెప్పారు. శనివారం నడిమి బల్ల మీద గాలిమర తిరిగింది.

మరుసటి ఏడు సారు లేరు. పోస్టులు తగ్గించారని నాన్నగారు విని వచ్చి చెప్పారు, నీ వల్ల కాదులే అన్నారు. నాకు ఇప్పటికీ తెలియదు. పెద్దయ్యాక చదివాను, పేరున్న శాస్త్రవేత్తలే ఒకప్పుడు పందిలాంటి జంతువు పన్నును చూసి మనిషి పూర్వీకులదని పొరబడ్డారట. మళ్లీ అదే చోట తవ్వి, తమ తప్పు తామే ఒప్పుకున్నారట. వాళ్లకు తవ్వడానికి ఆ చోటు ఉంది, ఎందుకంటే చోటు గురించి వాళ్లు అబద్ధమాడలేదు. అది చదివిన రోజు పుస్తకం మూసి ఇల్లంతా తిరిగాను.

ఇప్పుడు మ్యూజియానికి వెళితే మా పిల్లలు పుర్రెలు చూస్తారు, దవడలు చూస్తారు. నా కళ్లు వాటి కిందున్న చిన్న చీటీ కోసం వెతుకుతాయి. ఎక్కడ, ఏ పొరలో దొరికిందో రాసిన చీటీ. అది కనబడేదాకా నా కాళ్లు నిలవవు. మనం ఎవరమో, ఎక్కడి నుంచి నడిచి వచ్చామో మనకు తెలిసిందంటే, ఎవరో ఎండలో గుంత గట్టున కూర్చుని దొరికిన చోటే దొరికిందని రాయబట్టి తెలిసింది. ఆ చీటీ రాసినవాళ్ల ముఖాలు నేనెరగను. కానీ వాళ్ల మాట మీదే కదా నేను కాలు పెడుతున్నాను.