నీలం గది మనిషి

వెలుగు వైద్యశాలలో నీలం గది ఇరవై ఆరేళ్లుగా ఆమెదే. అందుకే అందరికీ నీలమ్మ అయింది. కన్నవాళ్లు పెట్టిన పేరు హాజరుపట్టీలోనే మిగిలింది.

అక్కడ జబ్బుకు మందు వెలుగే. ఒక్కో జబ్బుకు ఒక్కో ఫ్రీక్వెన్సీ. కీళ్లకు ఎరుపు, ఊపిరితిత్తులకు నీలం. యంత్రం దగ్గరదాకా తెస్తుంది గానీ, ఆఖరి వెంట్రుకవాసి తేడాను కంటితో చూసి మర తిప్పాల్సింది మనిషే. రోజుకు నలభై మంది. సాయంత్రానికి ఆమె కళ్లలో ఇసుక పోసినట్టుండేది. ఇంటికెళ్లి దీపం వెయ్యకుండానే అన్నం తినేది. భర్త మొదట్లో విసుక్కున్నా, తర్వాత తనూ అలవాటు పడ్డాడు. చీకట్లో ముళ్లు కనబడవని, చేపలు మాత్రం వండొద్దని బతిమాలేవాడు.

ఒకరోజు బట్టలకు రంగులద్దే ముసలాయన బల్ల మీద పడుకున్నాడు. ఆమె మర తిప్పి, కుదిరిందనుకుని చేయి తీసింది. ఆయన తన అరచేతి మీది వెలుగును కాసేపు చూశాడు.

"అమ్మా, ఇది వంగపండు రంగుకి తిరిగింది. ఇవాళే కాదు, నెల నుంచీ ఇంతే. నొచ్చుకుంటావని ఊరుకున్నా."

"మరి దగ్గు?"

"తగ్గలేదు."

ఆమె వెంటనే ఎర్రగదిలో పనిచేసే ఆయన్ను పిలిచి మర సరిచేయించి, తిన్నగా పెద్ద డాక్టరు దగ్గరికి వెళ్లి తన కళ్ల సంగతి చెప్పింది. ఆయన కాగితాల్లోంచి తలెత్తకుండానే, ఇంకో మనిషి దొరికేదాకా ఎలాగోలా నెట్టుకురమ్మన్నాడు. ఎవరికి తెలుస్తుందన్నాడు.

"నాకు తెలుసు కదండీ," అని గది తాళంచెవి ఆయన ముందు పెట్టింది.

ఆ నెలలో తన గదికి వచ్చినవాళ్ల చిరునామాలు రాసుకుని ఇల్లిల్లూ తిరిగింది. తన పొరపాటు చెప్పి, మళ్లీ వచ్చి వెలుగు పెట్టించుకోమంది. కొందరు నోటికొచ్చినట్టు తిట్టారు. ఒకాయన మాట పూర్తి కాకముందే తలుపేశాడు. ఒకావిడ కుర్చీ వేసి మంచినీళ్లిచ్చింది. ఆ నీళ్లు మాత్రం ముట్టకుండానే ఆమె లేచి వచ్చేసింది. ఇంకో ఇంట్లో రోగి అప్పటికే పోయి పది రోజులైంది. అది వెలుగు వల్లేనో కాదో ఎవరూ తేల్చి చెప్పలేకపోయారు. దాని గురించి ఆమె భర్తతో కూడా ఒక్క మాట అనలేదు.

రంగులాయన దగ్గు మూడు వారాలకు తగ్గింది.

ఇప్పుడామె వైద్యశాల గుమ్మం దగ్గర చీటీలు రాస్తుంది. పాత రోగి ఎవరొచ్చినా, పోయినసారికీ ఇప్పటికీ ఏమైనా తేడా ఉందా అని అడుగుతుంది. బాగానే ఉందని మొహమాటంగా తలూపితే పెన్ను పక్కన పెట్టి, "నిజం చెప్పండి," అంటుంది.