మామగారికి చుట్టిన సుషీ

నా పేరు వినగానే మా అత్తగారు ఇప్పటికీ చెంపలేసుకుంటారు. నాకు దేవుడి పేరు ఉన్నందుకు కాదు. ఇరవై ఏళ్ల కిందట ఒక మే నెలలో నేను చేసిన వంట గుర్తొచ్చి. ఆ ఘోరం పూర్తిగా చెప్తాను. అన్నం ముందు కూర్చుని ఉంటే మాత్రం, ముందు తినేసి రండి.

అప్పట్లో నేను తిరుపతిలో ఒక లాడ్జిలో గుమాస్తాను. పెళ్లై ఏడాది. మా మామగారికి నగరిలో మరమగ్గాలు. ఆయన గుండె ఆపరేషన్ నుంచి కోలుకున్నారని, అందరం కలిసి కైలాసకోన జలపాతానికి పిక్నిక్ అనుకున్నాం. ఆయన దృష్టిలో నేను గది తాళాలు అందించడం తప్ప ఏమీ చేతకానివాణ్ణి. ఆ మాట తప్పని నిరూపించాలని, వంట నాదేనని ప్రకటించాను.

"చిత్రాన్నం కలుపుకోని పోతే సాలు కదా," అంది నా భార్య సుమతి.

"చిత్రాన్నం అందరూ చేస్తారు. నేను సుషీ చేస్తా. టీవీలో చూసినా. జపానోళ్ల వంట."

"దాంట్లో ఏముంటాది?"

"పచ్చి చేప."

ఆమె చూసిన చూపుకు చేపను అప్పటికప్పుడే తీసేశాను. బదులుగా మామిడికాయ ముక్కలు, చెనక్కాయల పచ్చడి. దీన్ని ఫ్యూజన్ అంటారు. అంటే అసలు సరుకు దొరకనప్పుడు పెట్టుకునే మర్యాదైన పేరు.

చుట్టడానికి సముద్రపు నాచు కావాలి. వీధి చివరి అంగడికి వెళ్లాను.

"అన్నా, తినే నాచు ఉండాదా?"

"నాచా? మా నీళ్ల తొట్టి నిండా ఉండాది. గీక్కోని పో అప్పా, ఊరికే ఇస్తా."

సరే, నాచు లేకుండానే దిగాను. అత్తగారు పంపిన బియ్యాన్ని, జిగురు రావాలని, ముద్దయ్యేదాకా ఉడికించాను. అత్త సొమ్ము అల్లుడు దానం అంటారు గానీ, మా ఇంట్లో అత్త బియ్యం అల్లుడు ధ్వంసం! చుట్టిన చుట్టలేమో బస్టాండులో తాడు తెగిన పరుపుల్లా విచ్చుకున్నాయి. పెరట్లో నిమ్మగడ్డి కనిపించింది. ఒక్కో చుట్టకు రెండు పోచలు బిగించి ముడేశాను. టీవీలో పైన నువ్వులు చల్లారు కదా! ఇంట్లో నల్ల నువ్వులే ఉన్నాయి. ధారాళంగా చల్లాను. సుమతి తొంగిచూడబోతే, "అక్కడే చూద్దువులే," అని డబ్బా మూత పెట్టేశాను. నా బతుకులో నేను చేసిన అతి పెద్ద తప్పు ఆ మూతే.

కైలాసకోన చేరేలోపు ఎండకు చుట్టలు కుంగి ఉండలయ్యాయి. కళ్లలో ఎండ పడకుండా మామగారిని దక్షిణం వైపు తిప్పి కూర్చోబెట్టాను. అరిటాకు పరిచాను. మూడు ఉండలు పెట్టాను. ఆరిపోయినట్టున్నాయని పైన కాసిని నీళ్లు చిలకరించాను.

మామగారు ఆకు చూశారు. నువ్వులు చూశారు. గడ్డి ముడి చూశారు. చివరికి నన్ను చూశారు.

"ఏమప్పా, నేనింకా పోలేదే!"

అత్తగారు కెవ్వుమన్నారు. "అయ్యయ్యో! లేసి కూర్సున్న మనిషికి పిండం పెడతావా నాయనా!"

"పిండం కాదత్తా, జపాన్..."

"జపానులో గూడా సచ్చినోళ్లకే పెడతారేమో, ఎవురికి తెలుసు!"

"దర్భ గూడా కట్టినారా!" అని సుమతి నెత్తి కొట్టుకుంది.

"దర్భ కాదే, నిమ్మగడ్డి!"

అంతలో మామగారు గుండె మీద చెయ్యి పెట్టుకుని ఊగిపోవడం మొదలుపెట్టారు. అల్లుడు పెట్టిన పిండం చూసి పోయిన మామ అని ఊళ్లో చెప్పుకుంటారనుకున్నాను. కాసేపటికి గానీ తెలియలేదు, ఆయన నవ్వాపుకోలేక, కుట్లు లాగకుండా పట్టుకున్నారని.

సరిగ్గా అప్పుడే ఒక కాకి వచ్చి ఎదురు బండ మీద వాలింది.

"వచ్చినాడు సూడు, పెద్దమనిషి," అన్నారు మామగారు. "పోయి పెట్టు."

ఆకు తీసుకెళ్లి బండ మీద పెట్టాను. కాకి ఒక కంటితో చూసింది. తల తిప్పి రెండో కంటితో చూసింది. రెండడుగులు వెనక్కి వేసింది.

"ముట్టలే," అన్నారు మామగారు గంభీరంగా. "అంటే నాకు తీరని కోరిక ఏదో ఉండాది."

"ఏంది మామా అది?"

"నువ్వు మళ్లా వంటింట్లోకి పోగూడదు. ఒట్టు పెట్టు."

మోకాటి లోతు నీళ్లలో నిలబడి, చెయ్యి చాచి, ప్రమాణం చేశాను: "ఈ జన్మలో అన్నం చుట్టను, నువ్వులు చల్లను, పొయ్యి ముట్టించను. ఇది సత్యం!"

మాట పూర్తయ్యిందో లేదో, కాకి రివ్వున వచ్చి ఒక సుషీ ఎత్తుకుపోయింది.