పుష్యమిలో పందొమ్మిది

నిన్న కళ్లజోడు అద్దాలు మార్పించుకుందామని హనుమకొండలో ఒక కొత్త షాపుకు వెళ్లాను. లోపలి గదిలో మిషన్ అద్దం అంచును అరగదీస్తుంటే తడిపొడి వాసన వచ్చింది. సున్నం నీళ్లలో చల్లార్చినప్పుడు వచ్చే వాసనకు దగ్గరగా ఉంటుంది అది. కౌంటర్ దగ్గర అమ్మాయి ఫ్రేములు చూపిస్తోంది గానీ నాకేమీ వినపడలేదు. నేనప్పటికే మట్టెవాడలో, యూసుఫ్ చాచా కళ్లద్దాల దుకాణంలో, నా పాత స్టూలు మీద కూర్చుని ఉన్నాను.

డిగ్రీ చదివే రోజుల్లో సాయంత్రాలు నేను అక్కడ ఆర్డర్లు రాసేదాన్ని. పేరు, పవర్, ఎప్పుడివ్వాలి, అంతే. మనుషులతో మాట్లాడడమంటే నాకు చచ్చేంత సిగ్గు. ఎవరైనా మెట్లెక్కితే చాలు, రిజిస్టర్ నిలబెట్టి దాని వెనక తలదాచుకునేదాన్ని. ఒకరోజు చాచా అద్దం రుద్దుతూనే అన్నాడు: “రూతమ్మా, వచ్చినాయన కండ్లు కనవడకనే వచ్చిండు. నువ్వు నోరు తెరవకుంటే లోపల ఎవ్వరు లేరనుకొని మర్లిపోతడు.” వచ్చినాయన కూడా నవ్వాడు. నేను నవ్వలేదు. ఇంటికి వెళ్లి ఆ మాటను డైరీలో రాసుకుని, అప్పుడు నవ్వుకున్నాను.

చాచాకు ఆకాశం చూసే దుర్బీన్ ఒకటి ఉండేది. తానే చేసుకున్నాడు. నీళ్ల పైపు ముక్కకు ముందు ప్లస్ ఒకటి పవర్ అద్దం, వెనక గడియారాలు బాగుచేసేవాళ్లు కంటికి తగిలించుకునే భూతద్దం. దుకాణం మూశాక మేడ మీదికెక్కి దాన్ని పిట్టగోడ మీద ఆనించేవాడు. ఆ పైపులోంచే నేను మొదటిసారి కృత్తికలను చూశాను. ఉత్త కంటికి ఆరు చుక్కలున్న చోట, పోపులో ఆవాలు చిట్లినట్టు ఎన్నో. “ఇవన్నీ ఒక్క తల్లి పిల్లలు బిడ్డా, ఒక్క తావునే పుట్టినయ్,” అనేవాడు చాచా. ఆ గుంపులను ముందు చూసినవాళ్ల కథలు కూడా ఆయన తన ఎరికలో మనుషుల్లాగే చెప్పేవాడు. ఫ్రాన్సులో ఒకాయన బతుకంతా తోకచుక్కలు వెతికాడట. మసకగా కనిపించి మోసం చేసిన ప్రతిదాన్నీ ‘ఇది తోకచుక్క కాదు’ అని ఒక పట్టీలో ఎక్కించాడట. “ఇయ్యాల ఆయన తోకచుక్కలు ఎవరికి యాదికున్నయ్? ఆ పట్టీనే దునియా అంత పట్టుకొని తిరుగుతాంది.” ఇంగ్లండులో ఇంకొకామె, అన్న పక్కన కూర్చుని లెక్కలు రాసే చెల్లెలు. తనకంటూ ఒక చిన్న దుర్బీన్ దొరికాక ఎవరూ చూడని గుంపులు కనిపెట్టింది. ఆమె కథ నేను ఎన్నిసార్లు అడిగినా విసుక్కోకుండా చెప్పేవాడు.

రెండో ఏడు ఫిబ్రవరి చివర కాలేజీలో సైన్సు ప్రదర్శన పెట్టారు. పుష్యమి దగ్గర మసకగా ఉండే తారల గుంపును బొమ్మ గీస్తానని పేరిచ్చాను. రెండు సాయంత్రాలు దుర్బీన్‌లో చూశాను. ఎంత చూసినా పది, పన్నెండు. లైబ్రరీ పుస్తకంలో మాత్రం, ఇటలీలో మొదట్లో దుర్బీన్ ఎత్తిన పెద్దాయన అక్కడ నలభైకి పైగా చుక్కలు చూశాడని ఉంది, ఆయన గీసిన బొమ్మతో సహా. నేను ఆ బొమ్మను ముచ్చటగా నల్లకాగితం మీదికి ఎక్కించి, చాచా ముందు పెట్టాను.

చాచా దాన్ని కళ్లజోడు పైకెత్తి ఒకసారి, దించి ఒకసారి చూశాడు.

“ఎవల దుర్బీన్ల చూసినవ్?”

“మనదాంట్లోనే, చాచా.”

“ఆ ఇటలీ ఆయన కంటికాడ పెట్టింది మైనస్ అద్దం. ఆయనకు సీదా కనవడ్డది. మనది ప్లస్. అంత తలకిందులు. నీ బొమ్మేమో సీదా ఉన్నది.” గొంతు పెంచలేదు. “ఇది ఆయన చూసింది. నువ్వు చూసింది ఏది? ఇది గనక ఆడ పెడితే, ఇగ నా దుర్బీన్ ముట్టకు.”

ఆ కాగితాన్ని చుట్టి పక్కన పెట్టేశాను. ప్రదర్శనకు ఇంకా మూడు రోజులే ఉంది. ఆ మేడ తప్ప నాకు వేరే లోకం లేదు. రెండు సాయంత్రాలు మబ్బు. మూడోనాడు ఏడున్నరకు తూర్పున మబ్బు విడిపోయింది. చాచా కిందికి వెళ్లి ఒక దుప్పటి తెచ్చి, వీధి దీపం వెలుగు మా మీద పడకుండా అడ్డంగా కట్టాడు. “ఒక్క మూల పట్టు. ఆడ ఉన్నయన్ని అయినంకనే పక్కకు జరుగు,” అన్నాడు. ఒక్కో మూలా కళ్లు నీళ్లు కారేదాకా చూశాను. అనుమానమున్న ప్రతి చుక్కనూ మూడుసార్లు చూసి, మూడుసార్లూ కనిపిస్తేనే పెట్టాను. మళ్లీ మబ్బు కమ్మేసరికి పందొమ్మిది.

మర్నాడు కాలేజీ హాలులో మా ఫిజిక్స్ సారు నా బొమ్మ ముందు ఆగారు. చుట్టూ అమ్మాయిలు.

“ఏమమ్మా, సగం కూడా లేవు. నలభై ఉండాలి కదా?”

తలదాచుకోవడానికి అక్కడ రిజిస్టర్ లేదు. అయినా మాట వచ్చింది, అదీ హాలు చివరిదాకా.

“ఉన్నాయి సార్. నాకు కనిపించింది పందొమ్మిదే. కనిపించనివి నేనెట్ల పెడతాను?”

“అమ్మో, రూతు మాట్లాడుతాందే!” అని వెనక ఎవరో కిసుక్కున నవ్వారు. సారు నవ్వలేదు. “ఎక్కడుందా దుర్బీన్?” అని అడిగారు.

ఆ సాయంత్రం ఇంటికి వెళ్లే రఘునాథపల్లి బస్సు సంగతి కూడా మరిచి ఆయన చాచా మేడెక్కారు. కన్ను పెట్టారు, లెక్కపెట్టారు, రుమాలుతో అద్దం తుడిచి మళ్లీ లెక్కపెట్టారు. రెండుసార్లూ పదహారే. “మరి ఈ పిల్లకు పందొమ్మిదెట్ల వచ్చినయ్?” అన్నారు. నేను పక్కన నిలబడి, ఆయనకు చిక్కని మూడింటినీ ఒక్కొక్కటిగా చూపించాను. “ఆ జంట చుక్కకు కొంచెం కింద సార్. సూటిగా చూడకండి, పక్కకు చూస్తున్నట్టు చూడండి.” కాసేపటికి ఆయన “ఆఁ!” అని చిన్నపిల్లాడిలా అరిచారు. చాచా చల్లగా అన్నాడు: “సార్, మీ పవర్ కూడ మారింది. రేపు జర దుకాణానికి రాండ్రి.”

సారు వెళ్లాక చాచా గల్లాపెట్టె కిందినుంచి ఒక పాత నోట్‌బుక్ తీశాడు. ఏళ్ల తరబడి ఏ గుంపులో తనకెన్ని కనిపించాయో అందులో రాసుకున్నాడు. పుష్యమి ఎదుట ఆయన అంకె పదిహేడు. దాని పైన ఖాళీ చూసుకుని ‘రూతు, పందొమ్మిది’ అని రాశాడు. “ఓడగొట్టినవ్ బిడ్డా నన్ను!” అంటూ మెట్లు దిగి, ఎదురింటి పాన్ డబ్బా ఆయన దగ్గర్నుంచి దర్జీ దాకా అందరికీ చెప్పి వచ్చాడు. ఒక మనిషి తన ఓటమిని అంత సంబరంగా ఊరేగించడం నేను మళ్లీ చూడలేదు.

పోయిన వానాకాలం చాచా వెళ్లిపోయాడు. నేనిప్పుడు ఒక దవాఖానా ల్యాబులో రక్తనమూనాలు చూస్తాను. ఒక్కోసారి మైక్రోస్కోపులో కనిపించింది పెద్ద డాక్టరుగారి అంచనాకు సరిపోదు. అప్పుడు ఇంకోసారి చూస్తాను, మూడోసారి చూస్తాను, ఆ పైన లేచి ఆయన గదికి నడుస్తాను. తలుపు మీద కొట్టి, “సార్, నాకు కనిపించింది ఇది. ఒకసారి వచ్చి చూడండి,” అంటాను. ఆయన లేచి వస్తారు.