నా మంచానికి కట్టిన బ్యాండేజీ గుడ్డ

ఈ సంగతి ఆసుపత్రి పెద్ద డాక్టరుకు చెప్పాను. ఫోన్ చూసుకుంటూ తలూపాడు. హెడ్ నర్సుకు చెప్పాను. బయట కూర్చోండి, పిలుస్తామంది. పొద్దుగూకేదాకా పిలవలేదు. ఆ రోజు ఎండ నాకింకా గుర్తుంది. అందుకే ఇక్కడ రాస్తున్నాను.

దయ్యాలను, ఆత్మలను నేనెప్పుడూ నమ్మలేదు. మోటార్ వైండింగ్ పని నాది. ఏ మోటారైనా ఎందుకు కాలిందో తెలిసేదాకా మూత బిగించను.

మాది కోహీర్. నా భార్య సుగుణ జహీరాబాద్‌లో ఒక మెడికల్ కాలేజీ ఆసుపత్రిలో నర్సు. మాకు పిల్లలు లేరు.

వార్డులో ఆమెకొక పద్ధతి ఉండేది. వెంట ఎవరూ లేని పేషెంటుకు మంచం కాళ్ళవైపు కమ్మీకి బ్యాండేజీ గుడ్డ పీలిక కట్టేది. రొట్టెలు పంచే మనిషి ఆ మంచానికే మొదట పెట్టాలి. డ్యూటీ మారి వచ్చిన నర్సు ఆ మంచాన్నే మొదట పలకరించాలి. అందరికీ మనుషులున్న రోజు హుషారుగా ఇంటికొచ్చేది. "ఇయ్యాల ఒక్క ముడి గూడ వెయ్యలే" అనేది.

గాలివాన వచ్చిన సాయంత్రం ఆ వార్డు రేకులు లేచిపోయాయి. ఎవరి పేషెంటును వాళ్ళు ఎత్తుకుని బయటికి ఉరికారు. పీలిక కట్టిన మంచం ఒకటి లోపలే ఉండిపోయింది. దాని మీద న్యాల్‌కల్ ఊరి ముసలమ్మ ఒకామె. సుగుణ వెనక్కి వెళ్ళి ఆమెను గుమ్మం దాటించింది. తను దాటేలోపు గోడ కూలింది. ముసలమ్మ బతికింది.

తర్వాత చాలాకాలం ఆసుపత్రిని ఒక ఫంక్షన్ హాలులో నడిపారు. పెళ్ళి స్టేజీ మీద మందుల బల్లలు, భోజనాల షెడ్డులో డాక్టరు చదివే పిల్లలకు పాఠాలు. ఆపరేషనంటే బీదర్ పొమ్మనేవారు. మెల్లగా గోడలు లేచాయి, స్లాబు పడింది. పాత మంచాలకే రంగు వేసి అన్ని వార్డుల్లో సర్దారు. నర్సులంతా కొత్తవాళ్ళు. సుగుణతో పాటే ఆ పద్ధతీ పోయింది. ప్రారంభం నాడు మైకులో కాంట్రాక్టరుతో సహా అందరికీ కృతజ్ఞతలు చెప్పారు. సుగుణ పేరు చెప్పలేదు. నేను ముందు వరసలోనే కూర్చున్నాను.

మొన్న వానాకాలం జ్వరం ముదిరి అక్కడే చేరాను. మా షాపు పక్క టీకొట్టాయన ఆటోలో దించి వెళ్ళిపోయాడు. మధ్యాహ్నం సెలైన్ ఎక్కుతుంటే కన్నంటుకుంది. లేచి చూస్తే కాళ్ళవైపు కమ్మీకి పీలిక కట్టి ఉంది.

సుగుణది ఎడమచేతి వాటం. ఒంటిచేత్తో లాగి విప్పేలా బూటు లేసుకు మల్లే ఒక చెవి వదిలి, ముడి తిరగేసి వేసేది. ఇదీ అంతే. వైండింగులకు నూలు టేపు ముళ్ళు వేసి బతికినవాణ్ణి. ముడిని చూస్తే అది ఎవరి చెయ్యో గుర్తుపడతాను.

నర్సును అడిగాను. "మేమెవ్వరం కట్టలే తాతా. గా పద్ధతే మాకు తెల్వదు" అంది.

పక్క మంచం రాయికోడ్ రైతు నవ్వాడు. "గుడ్డపీలిక మీద గూడ పంచాయితీయేనా పెద్దమనిషీ? జర పండరాదు! నేను నీ దిక్కే మొకం పెట్టి కూసున్న. ఎవ్వరు రాలే."

కాసేపటికి రొట్టెలొచ్చాయి. పంచే ఆయన కొత్తవాడు. గుమ్మం దగ్గరి మంచాలన్నీ వదిలి, చివరనున్న నాకు మొదట పెట్టాడు. ఎందుకని అడిగితే తెల్లబోయాడు. "ఏమో పెద్దయ్యా, కాళ్ళు గిటే వచ్చినయ్."

డిశ్చార్జి రోజు ఆ ముడి విప్పడానికి చేతులు రాలేదు. విప్పితే మళ్ళీ అలా వేయడం నాకు రాదు. అక్కడే వదిలి వచ్చాను. తర్వాత వెళ్ళి చూస్తే పీలిక లేదు. ఆ మంచంలో పడుకున్నతని పక్కన అతని భార్య కూర్చుని, నారింజ తొనలు వలిచి పెడుతోంది.

ఇది ఇప్పటికీ నా బుర్రకు అందడం లేదు. ఇది చదివే మీలో ఎవరైనా కట్టి ఉంటే చెప్పండి, దండం పెట్టి ఊరుకుంటాను. సుగుణే కట్టి ఉంటే ఆమెనే అడుగుతున్నాను. ఆ పీలిక ఎవరూ లేనివాళ్ళకు కదా? నువ్వే వచ్చి కడితే, నాకు మనిషి ఉన్నట్టా, లేనట్టా? అంత దగ్గరికొచ్చి నన్నెందుకు లేపలేదు?

ఎవరో ఒకరు జవాబు చెప్పండి.