వదిన సమాధి పక్కన బెంచీ

మా అన్నయ్య వేసిన బెంచీని రెండోసారి కూడా పీకేశారు. పీకి ఏ మూలనో పారేసి ఉంటే నాకు ఇంత ఒళ్లు మండేది కాదు. శుభ్రంగా తుడిచి, అట్టముక్కలు చుట్టి, తాడు కట్టి, బండిలో తెచ్చి మా గుమ్మం ముందు దించారు. తలుపు కొట్టి, "మీ వస్తువండీ, చూసుకోండి" అని అప్పగించి మరీ వెళ్లారు. నోరారా తిట్టుకోవడానికి కూడా సందు ఇవ్వని మర్యాద ఈ జర్మన్లది. ఈ మాట అంటున్న నేనూ జర్మన్‌నే. అదే మా ఖర్మ.

అన్నయ్య పేరు రైన్‌హోల్డ్ షేఫర్. నేను ఇర్మాని, అతని తర్వాత పుట్టినదాన్ని. మేము పుట్టింది వోల్గా ఒడ్డున, మా ముత్తాతల ముత్తాతలు వచ్చి కట్టుకున్న జర్మన్ ఊళ్లో. జర్మనీ సైన్యం దండెత్తి వస్తోందని, మేము వాళ్లకు దారి చూపిస్తామేమోనని, మాస్కోలో ఎవరికో అనుమానం వచ్చింది. ఊరు ఊరంతటినీ పశువుల రైలు ఎక్కించి కజకిస్తాన్ గడ్డి మైదానంలో దించేశారు. అప్పటికి నాకు నడకే సరిగ్గా రాదు. నేను ఎవరికి దారి చూపిస్తానో వాళ్లకే తెలియాలి.

నాన్నను చాకిరీ సైన్యం అని పేరు పెట్టి ఉరాల్ అడవులకు చెట్లు నరకడానికి పట్టుకెళ్లారు. మళ్లీ రాలేదు. ఎక్కడ పూడ్చారో, అసలు పూడ్చారో లేదో కూడా చెప్పినవాళ్లు లేరు. భర్త కోసం ఏడవడానికి అమ్మకు ఒక చోటంటూ లేకపోయింది. పొయ్యి దగ్గర కూర్చుని ఏడ్చేది, మేము చూస్తే పొగ అనేది.

బళ్లో టీచరుకు రైన్‌హోల్డ్ అని నోరు తిరగలేదు. "నువ్వు ఇవాళ్టి నుంచి రోమన్‌వి" అంది. పేరు రోమన్ అయినా, ఫాసిస్టు అనే పిలుపు మాత్రం తప్పలేదు. పిల్లలు రాళ్లేస్తే అన్నయ్య నన్ను వెనకేసుకుని నడిచేవాడు. తిరిగి ఒక్క రాయి వేసి ఎరగడు. ఆ మెతకతనం చూస్తే నాకు ఇప్పటికీ అరికాలి మంట నెత్తికెక్కుతుంది.

పెద్దయ్యాక ట్రాక్టర్ల షెడ్డులో వెల్డింగ్ పనిలో చేరాడు. షెడ్డు పని ఎలా చేసినా, చుట్టుపక్కల ఊళ్లలో పేరొచ్చింది మాత్రం సమాధుల పనికి. ఆ దేశంలో సమాధి అంటే చుట్టూ ఇనుప కంచె, కంచెకు నీలం రంగు, లోపల ఇరుకు బెంచీ ఉండాల్సిందే. నిలబడి పలకరించి పోయేవాడు పరాయివాడు. మనవాడైతే కూర్చుంటాడు, ఉడికించిన గుడ్డు ఒలుచుకుంటాడు, ఒక గుక్క తాగి ఊరి కబుర్లన్నీ పోయినవాళ్లకు చెప్పి వస్తాడు. ఇది రష్యన్ల అలవాటే. కానీ ఆ ఊళ్లో జర్మన్లు కూడా అలాగే కూర్చునేవారు. ఎవరు చనిపోయినా ముందు పాస్టరు దగ్గరికో ఫాదరీ దగ్గరికో, ఆ తర్వాత మా అన్నయ్య దగ్గరికీ వచ్చేవారు.

పాల కేంద్రంలో పనిచేసే జినాయిదాను ప్రేమించాడు. ఆమె రష్యన్. వాళ్ల నాన్న యుద్ధంలో పోయాడు. ఆ తల్లి ప్రస్కోవ్యా నోటికి జడిసి పక్కింటి కుక్క కూడా మొరిగేది కాదు.

"ఊళ్లో మగాళ్లు గొడ్డుపోయారటే? మీ నాన్నని చంపినోళ్ల పిల్లాడే దొరికాడా నీకు?"

"వాడు చంపలేదే అమ్మా. వాడప్పటికి ముక్కు చీదుకోవడం కూడా రాని పిల్లాడు."

"రాకపోతే ఏం? జర్మనోడు జర్మనోడే!"

మా అమ్మ ఏమైనా తక్కువ తిందా?

"రష్యన్ పిల్లా? మీ నాన్నని పట్టుకెళ్లిందెవరో మర్చిపోయావురా?"

"జినా పట్టుకెళ్లలేదు కదమ్మా" అన్నాడు అన్నయ్య.

"అబ్బో, అప్పుడే వెనకేసుకొస్తున్నావ్!"

ప్రస్కోవ్యా భర్తను జర్మన్లు చంపారు. మా నాన్నను జర్మన్ అయినందుకు చంపారు. పెళ్లి రోజు ఆ ఇద్దరు విధవలూ ఒకరి మొహం ఒకరు చూసుకోకుండా ఒకే కుండలోని సూప్ తాగారు.

అన్నయ్య అత్తగారి ఇంటి కప్పు బాగుచేశాడు, పొయ్యి కట్టాడు, ఆవిడకు కళ్లు మసకబారాక బకెట్లతో నీళ్లు మోశాడు. చాలా ఏళ్లకు ఆవిడ నోటి నుంచి ఒక మంచి మాట రాలింది. "జర్మనోడైతే అయ్యాడు గానీ, చేతిలో పనుంది." పోయేముందు అతన్ని మంచం దగ్గరికి పిలిచింది.

"ఒరేయ్ రోమా, నా దగ్గర బెంచీ కాస్త వెడల్పుగా వెయ్యి. జినా లావు."

వెడల్పుగానే వేశాడు. వదిన ఆ బెంచీ మీద కూర్చుని ఏడుస్తూ నవ్వింది, నవ్వుతూ ఏడ్చింది.

మే తొమ్మిదిన, జర్మనీని ఓడించిన విజయోత్సవానికి ఊరంతా యుద్ధంలో పోయినవాళ్ల స్మారకం దగ్గరికి వెళ్లేది. వదిన వాళ్ల నాన్న కోసం పూలు పట్టుకుని వెళ్లేది. అన్నయ్య పొద్దున్నే ఆమె బూట్లకు పాలిష్ చేసి ఇచ్చి, తను తలుపేసుకుని ఇంట్లోనే ఉండేవాడు. ఆ ఒక్కరోజు వీధిలోకి వెళ్తే ఎవడో ఒకడు తాగి ఏదో ఒకటి అంటాడు. వదిన వచ్చి ఏమీ జరగనట్టు బంగాళదుంపలు వేయించేది.

సోవియట్ దేశం కుప్పకూలాక మా ఊరి జర్మన్లంతా జర్మనీ దారి పట్టారు. ఇళ్లు ఖాళీ అయ్యాయి, షెడ్డు మూతపడింది. మేమూ వచ్చాం. ఆఫీసులో రోమన్ అనే పేరు కొట్టేసి మళ్లీ రైన్‌హోల్డ్ అని రాశారు. మెట్ల మీద ఎదురైన కింది వాటావిడ, పేరు ఓస్టర్‌లో, ఆ సాయంత్రమే ఎవరితోనో ఫోన్లో అంటోంది, "మా పైవాటాలోకి రష్యన్లు దిగారు" అని. అక్కడున్నన్నాళ్లూ జర్మన్లని తిట్టించుకున్నాం. ఇక్కడ దిగీదిగగానే రష్యన్లమైపోయాం. విమానంలో కునుకు తీసినప్పుడు ఎవరో మార్చేసి ఉంటారు.

నేను కుతకుతలాడుతుంటే వదిన నవ్వేది. "నన్ను రష్యన్ అంటే నాకేం నొప్పి? నేను రష్యన్‌నే కదా. మాడేది మీ మొహాలే!" అనేది. కానీ మే తొమ్మిది వస్తే ఇక్కడ ఆమె ఎక్కడికీ వెళ్లేది కాదు. వాళ్ల నాన్న ఫొటో ముందు పెట్టుకుని వంటింట్లోనే కూర్చునేది. అన్నయ్య ఆమె పక్కన కూర్చునేవాడు.

వచ్చిన పదేళ్లకు వదినకు కడుపులో గడ్డ వచ్చింది. ఆస్పత్రిలో ఆఖరి వారం, నేను పక్కనే ఉన్నాను, అన్నయ్య చెయ్యి పట్టుకుని చెప్పింది.

"రోమా, నా దగ్గరికొచ్చి నిలబడి పోకు. ఇక్కడోళ్లని చూశాను. పూలగుత్తి పెట్టి, వాచీ చూసుకుని వెళ్లిపోతారు. నువ్వొచ్చి కూర్చో."

"కూర్చుంటానే."

"ఒట్టు?"

"ఒట్టే. పడుకో ఇంక."

ఆమె పోయాక అన్నయ్యను రోమా అని పిలిచే మనిషి ఈ భూమ్మీద మిగల్లేదు. నేను పిలవబోతే నాలుక తిరగలేదు.

నేల చలిలో మోకాళ్ల మీద కూర్చుని వెల్డింగ్ చేసీ చేసీ అతని మోకాళ్లు ఎప్పుడో పోయాయి. ఎక్కువసేపు నిలబడలేడు. తెలిసినవాళ్ల గ్యారేజీలో ఇనుప గొట్టాలు కోసి, అతికించి, బెంచీ చేశాడు. నీలం రంగు వేశాడు. వెడల్పు ఎంత పెట్టాలన్న దగ్గర కాసేపు ఆగిపోయాడు. చివరికి ఇద్దరు కూర్చునేంత చేశాడు. సమాధి పక్కన పాతి, ఆ ఆదివారం దాని మీద కూర్చుని వదినతో చాలాసేపు మాట్లాడాడు. ఇంటికొచ్చి రెండు పళ్లేల సూప్ తాగాడు. ఆమె పోయాక అతను కడుపునిండా తినడం చూసింది ఆ రోజే.

మూడో రోజుకు బెంచీ గుమ్మం ముందుంది.

సమాధుల తోట చూసుకునే లూర్స్ గారు చెడ్డవాడేం కాదు. రిటైర్మెంటుకు దగ్గరపడ్డ పొడుగాటి మనిషి. మమ్మల్ని కూర్చోబెట్టి కాఫీ ఇచ్చాడు. మాకు బెంచీ అక్కర్లేని చోట కుర్చీలు బాగానే వేస్తారు.

"షేఫర్ గారూ, మీ బాధ నాకు అర్థమవుతుంది. కానీ ఒక్కరికి ఒప్పుకుంటే అందరూ వేస్తారు. గడ్డి కోసే బండి ఎలా తిరుగుతుంది చెప్పండి?"

"బండి వచ్చే రోజు చెప్పండి. నేనొచ్చి తీసి పక్కన పెడతాను" అన్నాడు అన్నయ్య.

"నిబంధనల్లో లేదండీ."

"వేయకూడదని ఉందా?"

"వేయొచ్చని లేదు."

నేను ఊరుకోలేకపోయాను. "అయితే మనిషి ఎక్కడ కూర్చోవాలండీ?"

"కుళాయి దగ్గర అందరికీ ఒక బెంచీ ఉంది కదండీ."

కుళాయి దగ్గర్నుంచి చూస్తే కంచెమొక్కలు కనిపిస్తాయి. వదిన కనిపించదు. ఆ మాటే చెప్పాను. లూర్స్ గారు నిజంగానే బాధపడ్డాడు. బాధపడి, "మడత కుర్చీ తెచ్చుకుని, మళ్లీ తీసుకెళ్లిపోతే నాకేం అభ్యంతరం లేదు" అన్నాడు.

"సినిమాకి వెళ్తున్నానా, కుర్చీ మోసుకెళ్లడానికి?" ఇంటికొచ్చాక అన్నయ్య గొణిగాడు.

"పంతం దేనికన్నయ్యా? కూర్చోవడమేగా కావాల్సింది?"

"మడత కుర్చీ వేసుకున్నోడు లేచిపోవడానికే వచ్చినోడే, ఇర్మా. నీకు తెలీదా?"

తెలుసు. అందుకే నా కోపం ఎవరి మీద చూపించాలో తెలియక అతని మీదే అరిచాను. చివరికి నా పోరు పడలేక ఒకసారి మడత కుర్చీ తీసుకెళ్లాడు. వాన నేలలో ఒక కాలు దిగబడి, మనిషి వెల్లకిలా వదిన పూలమొక్కల మీద పడ్డాడు. ఆ పైన మళ్లీ బెంచీ పాతాడు, ఈసారి సిమెంటు వేసి మరీ. దాన్నే అట్టముక్కలు చుట్టి తెచ్చి ఇచ్చారని మొదట్లో చెప్పాను.

ఈస్టరు వెళ్లిన మరుసటి వారం మంగళవారం మా ఊరి వాళ్లు చనిపోయినవాళ్ల దగ్గరికి రంగు గుడ్లు పట్టుకెళ్తారు. ఆ రోజు అన్నయ్య గుడ్లు, ఉప్పు, రొట్టె సంచిలో వేసుకుని నన్ను రమ్మన్నాడు. సమాధి దగ్గరికి వెళ్లాక, రాతిని పట్టుకుని మెల్లగా ఒంగి, తడి గడ్డి మీద చతికిలబడ్డాడు.

"అయ్యో, లే అన్నయ్యా! నడుం పట్టేస్తుంది."

"పట్టెయ్యనీ."

గుడ్డు ఒలిచాడు. సగం నాకిచ్చాడు. వదినకు మెల్లగా కబుర్లు చెప్పాడు. ఓస్టర్‌లో గారి పిల్లి ఈనింది, నా కోడలు డ్రైవింగ్ పరీక్ష మళ్లీ తప్పింది, ఇక్కడి క్యాబేజీకి రుచీ పచీ లేదు. గేటు మూసే వేళకు లూర్స్ గారు వచ్చాడు.

"షేఫర్ గారూ, లేవాలండీ. మూసేయాలి."

"లేవలేను."

అది మొండితనం కాదు. ప్రయత్నించాడు. మోకాళ్లు బిగుసుకుపోయాయి. నేను లాగితే నేనే పడబోయాను. లూర్స్ గారు కాసేపు అటూ ఇటూ చూసి, కోటు గుండీలు విప్పి, వెనక నుంచి చంకల కింద చేతులు వేసి, "ఒకటి, రెండు" అంటూ అన్నయ్యను లేపి నిలబెట్టాడు. ప్యాంటుకు అంటిన మట్టి కూడా దులిపాడు. దులుపుతూ, తల ఎత్తకుండా అన్నాడు.

"మా నాన్న యుద్ధంలో పోయి మీ రష్యాలోనే ఎక్కడో ఉన్నాడు. ఎక్కడ పూడ్చారో ఎవరూ చెప్పలేదు. అమ్మకు నిలబడే చోటు కూడా లేదు."

"మా రష్యా ఏంటండీ?" అని నా నోటిదాకా వచ్చింది. అన్నయ్య నా మోచెయ్యి నొక్కాడు.

"మా నాన్న కూడా అంతేనండీ" అన్నాడు. "ఉరాల్లో. ఎక్కడో తెలీదు."

నా మనసు కరిగింది. ఇంక ఈయన ఒప్పుకుంటాడు, రేపే బెంచీ తెచ్చి పాతేద్దాం అనుకున్నాను. లూర్స్ గారు కళ్లద్దాలు తుడుచుకుని, పెట్టుకుని, జేబులోంచి తాళాలు తీశాడు.

"బెంచీ మాత్రం కుదరదండీ, షేఫర్ గారూ" అన్నాడు.

అప్పట్నుంచి ప్రతి ఆదివారం అన్నయ్య వెళ్లి నేల మీద కూర్చుంటున్నాడు. కింద వేసుకోమని నేను ప్లాస్టిక్ పట్టా ఇస్తాను. గేటు మూసే వేళకు లూర్స్ గారు వచ్చి, చంకల కింద చేతులు వేసి లేపుతాడు. సెలవు రోజైనా ఇంటి నుంచి వస్తున్నాడట. పోయిన నెల నడుం పట్టేసిందని పట్టీ కట్టుకుని మరీ వచ్చాడు. ఊళ్లో అందరూ ఎంత మంచివాడో అంటున్నారు. అన్నయ్య కూడా అంటున్నాడు. నాకు మాత్రం నిద్ర పట్టదు. తొంభై కిలోల మనిషిని వారం వారం నడుం విరిగేలా లేపగలిగినవాడు, పాతిక కిలోల బెంచీని అక్కడ ఉండనివ్వలేడా?