నల్ల తెర మీద కారు పందెం

శంషాబాద్‌లో కొత్త విమానాశ్రయం వచ్చాక అక్కడి కార్గో షెడ్డులో నాకు ఉద్యోగం దొరికింది. కంప్యూటర్ ముందు కూర్చుని, వచ్చే పోయే సరుకుల వివరాలు ఎక్కించడం నా పని. మా ఇంట్లో కంప్యూటర్ ముందు కూర్చున్న మొదటి మనిషిని నేనే. అందుకని కరెంటుతో నడిచే ప్రతి వస్తువు గురించీ నాకు తెలుసని మావాళ్లు అనుకునేవారు. ఆ అభిప్రాయాన్ని సరిదిద్దే ప్రయత్నం నేనెప్పుడూ చేయలేదు. మిక్సీ తిరగకపోయినా, సెల్‌ఫోన్‌లో అక్షరాలు చిన్నవైపోయినా నా దగ్గరికే తెచ్చేవారు. నేను అటూ ఇటూ తిప్పి చూసి, "సాఫ్ట్‌వేర్ ప్రాబ్లమ్" అనేవాణ్ని. మిక్సీకి కూడా అదే చెప్పాను.

మా షెడ్డులో కాకినాడ వైపు నుంచి వచ్చిన ఆఫీసరు ఒకాయన ఉండేవాడు. ఆయనకు ఢిల్లీ బదిలీ అయింది. సామాను సర్దుకుంటూ, ఎక్కువైపోయిన వస్తువులు తలా ఒకటి పంచిపెట్టాడు. ఒకరికి ఇస్త్రీపెట్టె, ఇంకొకరికి కుర్చీ. నాకు వీడియో గేమ్ డబ్బా వచ్చింది. నల్లగా, బరువుగా, మెరిసిపోతూ ఉంది.

"ఎలా కలపాలో చెప్పమంటారా?" అని అడిగాడాయన.

"వద్దు సార్, నాకు తెలుసు," అన్నాను. అప్పటికి నేను అలాంటి డబ్బాను ముట్టుకోవడం కూడా అదే మొదటిసారి.

ఇంట్లో ఉండేది మేం ముగ్గురం. నేను, నా భార్య, బాపు అని నేను పిలిచే మా నాన్న. హాల్లో ఒక పాత డబ్బా టీవీ ఉండేది. వెనక అంత పెద్ద పొట్ట ఉండటం వల్ల గోడకు బారెడు దూరంలో కూర్చునేది. గేమ్ డబ్బాతో వచ్చిన పసుపు, ఎరుపు, తెలుపు పిన్నుల వైరును టీవీ వెనక అవే రంగుల రంధ్రాల్లో పెట్టాను. బొమ్మ వచ్చింది. రంగుకు రంగు కలపడం తప్ప నేను చేసిందేమీ లేదు. అయినా బాపు పక్కింటివాళ్లను పిలిచి చూపించాడు.

డబ్బాలో ఉన్నది ఒక్కటే ఆట, కారు పందెం. మొదట నేనాడాను. నా కారు మొదటి మలుపులోనే రోడ్డు దిగి గడ్డిలోకి పోయింది. తర్వాత నా భార్య ఆడింది. ఆమెకు స్కూటర్ కూడా రాదు. సంతకు బండి మీద వెళ్లేటప్పుడు వెనక కూర్చుని, "మెల్లగ పోనీ" అని నా వీపు మీద తట్టే మనిషి. ఆ మనిషి ఆట రిమోట్ చేతికి రాగానే పెదవులు బిగించి, మలుపుల్లో కారును పక్కకు జార్చి, అందరినీ దాటుకుని పోయేది. వారం తిరిగేసరికి ఆమె గెలవడం మామూలైంది, నేను గడ్డిలో పడటం కూడా మామూలైంది. బాపు సాయంత్రం పొలం నుంచి వచ్చి, కాళ్లు కడుక్కుని, మంచం మీద కూర్చుని కోడలి పందెం చూసేవాడు. నా వంతు వస్తే మాత్రం, "జర నీళ్లు తాగొస్త," అని లేచేవాడు.

నేను ఓడిపోవడానికి ఏదో ఒక కారణం కావాలి కదా. బొమ్మ మసకగా ఉందని కనిపెట్టాను.

"మలుపు సరిగ్గా కనిపిస్తలేదు. అందుకే బండి పక్కకు పోతున్నది," అన్నాను.

"నాకు కనిపిస్తున్నది గదా," అంది నా భార్య.

"నీకు మసకగ చూసుడు అలవాటయింది. రిజల్యూషన్ తక్కువున్నది దీంట్ల."

రిజల్యూషన్ అనే మాట అంతకు ముందురోజే మా షెడ్డులో ఎవరో టీవీల గురించి మాట్లాడుకుంటుంటే విన్నాను. బొమ్మలో ఎన్ని గీతలుంటే అంత స్పష్టంగా కనిపిస్తుందని అర్థమైంది. అంతవరకే అర్థమైంది.

ఒక ఆదివారం మధ్యాహ్నం భోజనాలయ్యాక డబ్బా సెట్టింగ్స్‌లోకి వెళ్లాను. నా భార్య పక్కనే ఉంది. "మంచిగనే ఉన్నది గదా, ఎందుకు కెలుకుతున్నవ్?" అంది. బాపు, "చెయ్యనీ బిడ్డా, ఆడికి తెలుసు," అన్నాడు. ఆ ఒక్క మాట అనకుండా ఉంటే నేను ఆగేవాణ్నేమో.

ఏ వైరుతో కలిపావని డబ్బా అడిగింది. పేర్లు కొన్ని చూపించింది. ఏదీ నాకు తెలియదు. వాటిలో గంభీరంగా వినిపించిన పేరు మీద నొక్కాను. తర్వాత అంకెలు చూపించింది. అన్నిటికంటే పెద్దది వెయ్యీ ఎనభై. పెద్దదే మంచిదని దాన్ని ఎంచుకున్నాను. తెర నల్లబడింది.

ఏమీ నొక్కకుండా కాసేపు ఆగితే డబ్బా తనంతట తానే పాత పద్ధతికి వెళ్లిపోతుందట. ఈ సంగతి నాకు చాలా తర్వాత తెలిసింది. ఆ రోజు మాత్రం నేను ఆగలేదు. కంగారులో చేతికందిన బటన్లన్నీ నొక్కాను. వాటిలో ఏదో ఒకటి, "ఇదే ఖాయం చెయ్యి," అనే బటన్ అయి ఉంటుంది.

"టీవీ ఖరాబు చేసినవారా?" అని బాపు మంచం దిగాడు. కేబుల్ పెట్టి చూస్తే వార్తలు వచ్చాయి. టీవీ బాగానే ఉంది. గేమ్ పెడితేనే నల్లగా ఉంటోంది. కానీ బటన్ నొక్కినప్పుడల్లా టిక్, టిక్ అని చప్పుడు మాత్రం వస్తోంది.

నా భార్య నా చేతిలోంచి రిమోట్ తీసుకుంది. కళ్లు మూసుకుని ఏదో గుర్తు చేసుకుంటూ కిందికి, పక్కకి నొక్కింది. కాసేపటికి ఇంజిన్ చప్పుడు మొదలైంది. ఏమీ కనిపించని తెర మీద పందెం మొదలుపెట్టిందామె. కార్లు రయ్యిమని పోతున్నాయి, టైర్లు కీచుమంటున్నాయి, ఎక్కడో దేనికో గుద్దుకుంటోంది. బాపు ఆ నల్ల తెరనే రెప్ప వేయకుండా చూస్తున్నాడు.

"ఎన్నో నంబరున్నవ్ బిడ్డా?" అని అడిగాడు.

"ఎనకున్న మామా. అందరు ముంగట పోయినట్టు ఇనిపిస్తున్నది."

"పోనీ పోనీ, పట్టుకుందువు."

ఆమె నా స్థాయికి దిగొచ్చి ఆడిన పందెం అదొక్కటే.

"ఆ సార్‌కు ఫోన్ చేయరాదు? ఆయనిదే గదా డబ్బా," అంది పందెం అయ్యాక. చేయనన్నాను. నాకు తెలుసని చెప్పి తెచ్చుకున్నాక ఏ మొహం పెట్టుకుని అడుగుతాను? అందుకని మాకు దగ్గర్లోని కందుకూరులో ఎరువుల దుకాణం నడిపే మా బావమరిదికి చేశాను. వాళ్లింట్లో గోడకు తగిలించే కొత్త టీవీ ఉంది. "తీస్కరా బావా, మా టీవీకి పెట్టి చూద్దాం," అన్నాడు.

డబ్బాను తువ్వాలలో చుట్టి, బియ్యం సంచిలో పెట్టి, బండి ముందు పెట్టుకుని బయలుదేరాను. ఆ రోజు ఎవరో పెద్ద మనిషి విమానం దిగుతున్నాడు కాబోలు, ఎయిర్‌పోర్ట్ రోడ్డు మలుపు దగ్గర పోలీసులు నిలబడ్డారు. ఒక కానిస్టేబుల్ నన్ను ఆపాడు.

"సంచిల ఏమున్నది?"

"గేమ్ సార్."

"గేమ్ అంటే?"

తువ్వాల విప్పాను. నల్ల డబ్బా, దాని నుంచి వేలాడుతున్న కరెంటు వైరు. కానిస్టేబుల్ ఒక అడుగు వెనక్కి వేశాడు. ఇంకొకాయన వచ్చాడు. విమానాశ్రయానికి కూతవేటు దూరంలో, బియ్యం సంచిలో వైర్ల డబ్బా పెట్టుకుని, చెమటలు కక్కుతూ నిలబడ్డ మనిషి ఎలా కనిపిస్తాడో నాకు అప్పుడు తట్టింది.

"టీవీకి పెట్టి ఆడేది సార్. కారు పందెం. రిజల్యూషన్ ఎక్కువ పెట్టిన. బొమ్మ పోయింది."

"ఎందుకు పెట్టినవ్ ఎక్కువ?" అని అడిగాడు రెండో ఆయన, నెమ్మదిగా.

ఆ ప్రశ్నకు నా దగ్గర నిజమైన జవాబు ఒక్కటే ఉంది. పక్కనుంచి ఒక విమానం దిగుతుంటే, అది పోయేదాకా ఆగి చెప్పాను. "మా ఇంటామె గెలుస్తున్నది సార్. నేను ఓడిపోతున్న."

ఇద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. నా ఉద్యోగపు గుర్తింపు కార్డు చూసి, డబ్బాను అటూ ఇటూ తిప్పి, పొమ్మన్నారు. కొంచెం దూరం పోయాక వాళ్లు నవ్వడం వినిపించింది. వెనక్కి తిరిగి చూడకుండా తుక్కుగూడ దాకా బండి ఆపలేదు.

కందుకూరులో మా బావమరిది ఒక పలుచటి నల్ల వైరు తెచ్చి డబ్బాను తన టీవీకి కలిపాడు. బొమ్మ అద్దంలా వచ్చింది. మా అత్త వంటింట్లోంచి చేతులు తుడుచుకుంటూ వచ్చి చూసింది. నేను గొంతు సవరించుకుని, గీతల గురించి, అంకెల గురించి అందరికీ వివరించాను. అంతటితో ఊరుకోకుండా, మా టీవీకి సరిపోయేలా అంకెను బాగా తగ్గించాను. గోడ మీది ఆ పెద్ద తెరలో బొమ్మ నీళ్లు పోసినట్టు అలుక్కుపోయింది.

"మంచిగున్నదాన్ని ఖరాబు చేసినవేంది అల్లుడా?" అంది మా అత్త.

"కావాల్ననే చేసిన అత్తా," అన్నాను గొప్పగా.

ఇంటికొచ్చి మా రంగుల వైరుకు పెట్టాను. మళ్లీ నల్ల తెరే. పలుచటి వైరుకు ఒక లెక్క, రంగుల వైరుకు ఇంకో లెక్క ఉంటాయట. నేను ఊరు దాటిపోయి, పోలీసులకు జవాబు చెప్పుకుని మార్చుకొచ్చింది వేరే వైరు లెక్క. మా వైరేమో ఆ సేపంతా టీవీ వెనకే వేలాడుతూ ఉంది. దాన్ని వెంట తీసుకుపోవాలని నాకు తోచనే లేదు.

బాపు మంచం మీద అటు తిరిగి పడుకున్నాడు. నా భార్య నా సెల్‌ఫోన్ తీసుకుని, ఆఫీసరు నంబరు వెతికి, మోగుతుండగా నా చేతిలో పెట్టింది.

ఆయన పలకరింపులయ్యాక అసలు సంగతి విన్నాడు. "ఆన్ చేసే బటన్ మీరు నొక్కి వదిలేస్తున్నారా, పట్టుకుని ఉంచుతున్నారా?" అని అడిగాడు.

"వదిలేస్తున్న సార్."

"వదలకండి. ఒకసారి బీప్ అంటుంది. అయినా వదలకండి. మళ్లీ బీప్ అన్నాక వదలండి. మొదట్లో ఎలా ఉందో అలా అయిపోతుంది."

ఫోన్ చెవికి పెట్టుకునే వంగి నొక్కి పట్టుకున్నాను. బీప్ అంది. ఇంకా పట్టుకున్నాను. మళ్లీ అంది. తెర మీద మసక మసకగా, ఎప్పటిలాగే, బొమ్మ వచ్చింది. బాపు మంచం మీద లేచి సర్దుకుని కూర్చున్నాడు.

"వచ్చిందా?" అన్నాడాయన.

"వచ్చింది సార్."

"దీనికి ఇంత బాధపడటం ఎందుకు, నాకు ముందే ఫోన్ చేయొచ్చు కదండీ. అవునూ, ఆ పందెంలో చివరి కొండ రోడ్డు దాటారా? నేనెప్పుడూ దాటలేకపోయాను."

నేను తడుముకుంటుంటే నా భార్య ఫోన్ తీసుకుంది. "దాటిన సార్. బ్రేకు ముందుగాల్నే కొట్టాలె, మలుపు కాడ కొట్టొద్దు," అని మొదలుపెట్టింది. ఆ తర్వాత వాళ్లిద్దరూ చాలాసేపు మాట్లాడుకున్నారు. నేను వైర్లు సర్దుతున్నట్టు టీవీ వెనక కూర్చుండిపోయాను.

కొన్నేళ్లకు పాత టీవీ తనంతట తానే ఆగిపోయింది. మేమూ గోడకు తగిలించే టీవీ కొన్నాం. గేమ్ డబ్బాను పలుచటి వైరుతో నా భార్యే కలిపింది. అంకెలు అడిగితే, "నువ్వు జర దూరం కూసో," అని తనే చూసి పెట్టింది. బొమ్మ కడిగిన ముత్యంలా వచ్చింది. నా వంతు వచ్చినప్పుడు రోడ్డు కంటే పక్కకే ఎక్కువ చూశాను. రోడ్డు పొడుగునా జనం నిలబడి చేతులూపుతున్నారు.

"వీళ్లను కొత్తగ పెట్టిండ్రా ఏంది?" అన్నాను.

"మొదట్నుంచి ఉన్నరు," అంది నా భార్య. "వంతెన కాడ ఒకామె పసుపుపచ్చ గొడుగు పట్టుకుని ఉంటది. చూడు, ఇప్పుడొస్తది."

వంతెన వచ్చింది. గొడుగు ఆమె కూడా వచ్చింది. ఆమెనే చూస్తూ నేను వంతెన గోడను గుద్దుకున్నాను.