పచ్చజెండా ఊపితేనే పరుగు

చదువుకోడానికొచ్చి, తిఫ్రా అనే హిందీ ఊళ్లో మా మేడ మీద గదిలో అద్దెకున్న నైజీరియా కుర్రాణ్ని తలుచుకుంటే, నాకు ముందు గుర్తొచ్చేది అతను ఆగడం. అంత వేగంగా పరిగెత్తే మనిషి, నాన్న పచ్చజెండా ఊపితే తప్ప అడుగు కదిపేవాడు కాదు.

నాన్న రిటైరైన గూడ్స్ గార్డు. ఆ కుర్రాడికేమో అమెరికన్ ఫుట్‌బాల్ జట్టులో చేరాలని కోరిక. సెలక్షన్‌లో నలభై గజాల పరుగు ముఖ్యమట. అందుకని రోజూ పొద్దున్నే రైల్వే మైదానంలో నాన్న విజిల్ వేసి, జెండా ఊపి, వాచీ చూసేవారు.

"బంతిని చేత్తో పట్టుకుని పరిగెట్టీ ఆటని ఫుట్‌బాలంటారేటిరా?" అని ఏడిపించేవారు.

"అచ్ఛా అంకుల్, ముందు జెండా ఊపండి," అనేవాడతను, మా ఇంట్లో నేర్చుకున్న తెలుగులో.

చదువయ్యాక వాళ్ల దేశం వెళ్లి, లాగోస్‌లో సెలక్షన్ అయిన రోజు ఫోన్ చేశాడు.

"గీత దగ్గర నిలబడిపోయాను అంకుల్. ఎవరూ జెండా ఊపలేదు."

"ఏటీ, అక్కడ గార్డు నేడా?"

"లేడు. మనంతట మనమే కదలాలట. అందరూ నవ్వారు."

నాన్న ముఖం చిన్నబోయింది. "అయితే బండి ఆగిపోనాదా?"

"లేదు అంకుల్. కళ్లు మూసుకుని మీ జెండా తలుచుకున్నాను. తీసుకున్నారు!"

ఆ సాయంత్రం నాన్న వీధంతా జిలేబీ పంచారు.

నాన్న పోయిన ఆరు నెలలకు, ఆటలకు విరామం దొరికి, అతను అమెరికా నుంచి వచ్చాడు. నన్ను మైదానానికి తీసుకెళ్లి నాన్న జెండా చేతికిచ్చాడు. నా చెయ్యి లేవలేదు. అతను గీత దగ్గర వంగి, కదలకుండా ఆగే ఉన్నాడు.

"అక్కా, బండి లేటవుతోంది," అన్నాడు.

ఊపాను.